ఇసుక మీద మొదలై తివాచీ మీద ఆగిన ఆ నడక ఎవరిది? మాయా డెరెన్ తొలి చిత్రంపై చర్చ

చీకటిగది | శుక్రవారం, రాత్రి 9:10

సభ్యులందరికీ నమస్కారం. మా ఊరి గ్రంథాలయం మేడ మీద నెలకొకసారి ఎనిమిది పది మందిమి చేరి పాత లఘుచిత్రాలు చూస్తూ ఉంటాము. పోయిన ఆదివారం మాయా డెరెన్, అలెగ్జాండర్ హమ్మిద్ దంపతులు 1943లో లాస్ ఏంజెల్స్‌లోని తమ ఇంట్లోనే తీసిన 'మెషెస్ ఆఫ్ ది ఆఫ్టర్‌నూన్' చూశాము. నిడివి పద్నాలుగు నిమిషాలే అయినా దాని మీద మా వాదన రెండు గంటలు సాగి, వాచ్‌మన్ వచ్చి దీపాలు ఆర్పేదాకా తెగలేదు.

చూడని వారి కోసం క్లుప్తంగా చెబుతాను. ఒక స్త్రీ దారిలో పడి ఉన్న పువ్వును తీసుకుని ఇంటికి వస్తుంది, తాళంచెవి చేతిలోంచి జారి మెట్ల మీద పడుతుంది, లోపల రొట్టెలో గుచ్చిన కత్తి, పక్కన పెట్టేసిన ఫోను రిసీవరు కనబడతాయి, ఆమె కుర్చీలో కూర్చుని నిద్రపోతుంది. అక్కడి నుంచి అదే రాక మళ్ళీ మళ్ళీ జరుగుతుంది, జరిగినప్పుడల్లా ఇంట్లోకి ఇంకొక 'ఆమె' చేరుతుంది. చివరికి వారిలో ఒకరు కత్తి పట్టుకుని, నిద్రపోతున్న అసలు మనిషి వైపు నడుస్తుంది. గదిలో నాలుగు అడుగుల దూరమే అయినా ఒక అడుగు ఇసుక మీద పడుతుంది, మరొకటి గడ్డి మీద, ఇంకొకటి కాలిబాట మీద, చివరిది ఇంట్లోని తివాచీ మీద.

మా వాదనంతా ఈ నడక గురించే. చిత్రం టైటిల్లో ఇద్దరి పేర్లూ ఉన్నాయి. కెమెరా పట్టింది హమ్మిద్, కాబట్టి ఇది నిజానికి ఆయన చిత్రమేనని, డెరెన్ అందులో నటి మాత్రమేనని మాలో ఒకరు గట్టిగా అన్నారు. ఆ మాటలో ఎంత నిజముందో తెలిసినవారు చెప్పగలరని మనవి.

రీలుబండి | శుక్రవారం, రాత్రి 10:45

చీకటిగది గారూ, మీ మిత్రుడి మాటను తోసిపుచ్చడానికి వీల్లేదు. నేను ఆ పక్షం మనిషినే కనుక ముందుగా నా దగ్గరున్న సాక్ష్యం చెబుతాను.

హమ్మిద్ అసలు పేరు అలెగ్జాండర్ హాకెన్‌ష్మిడ్. 1907లో పుట్టి, ప్రాగ్ నగరంలో ఛాయాగ్రాహకుడిగా పేరు తెచ్చుకుని, తన దేశం హిట్లర్ చేతిలో పడ్డాక అమెరికా చేరిన మనిషి. 1942లో డెరెన్‌ను కలిసేనాటికే ఆయనకు పుష్కరకాలపు సినిమా అనుభవం ఉంది. డెరెన్ చేతిలో ఉన్నది ఆంగ్ల సాహిత్యంలో ఎం.ఏ. పట్టా, కవిత్వం, కేథరిన్ డన్‌హామ్ నృత్య బృందంలో కార్యదర్శిగా చేసిన పని. అంతకు ముందు ఆమె ఒక్క చిత్రమూ తీయలేదు.

ఇక అసలు సంగతి. హమ్మిద్ 1930లో ప్రాగ్‌లో ఒక చిన్న మూకీ తీశాడు. దాని పేరుకు అర్థం 'గమ్యం లేని నడక'. ఒక యువకుడు ట్రామెక్కి ఊరి చివరికి పోయి, అక్కడ తిరుగాడి, గడ్డి మీద పడుకుంటాడు. ఆ తర్వాత ఒక మనిషి లేచి వెళ్ళిపోతుంటే అదే మనిషి ఇంకా అక్కడే ఉండి చూస్తూ ఉంటాడు. ఒకడు ఇద్దరవడం, నడక, తనను తాను దూరం నుంచి చూసుకోవడం అనే మూడూ 'మెషెస్'కు పదమూడేళ్ళ ముందే ఇందులో ఉన్నాయి. తర్వాతి తరంలో ప్రయోగాత్మక చిత్రాల దర్శకుడిగా పెద్ద పేరు తెచ్చుకున్న స్టాన్ బ్రాకేజ్ సామాన్యమైన సాక్షి కాడు, కుర్రతనంలో కొన్నాళ్ళు డెరెన్ ఇంట్లోనే తలదాచుకున్నవాడు. ఆయన కూడా 'మెషెస్'ను ప్రధానంగా హమ్మిద్ చిత్రంగానే భావించాడు.

మేడ మెట్ల సన్నివేశం ఇంకొకసారి చూడండి. ఇల్లు తుపానులో పడవలాగా ఊగుతుంది, ఆమె ఈ గోడకూ ఆ గోడకూ కొట్టుకుంటుంది. అక్కడ ఇల్లూ కదలలేదు, మెట్లూ కదలలేదు. కెమెరా ఒక పక్కకు ఒరిగినప్పుడల్లా ఆమె రెండవ పక్కకు తూలింది, అంతే. కెమెరాను శరీరంలో భాగం చేసుకున్నవాడికి తప్ప ఇంకొకరికి తోచే ఉపాయం కాదది.

వెన్నెలవాకిలి | శనివారం, ఉదయం 6:30

రీలుబండి గారు సాక్ష్యం బాగానే చూపారు, కాని ఆ సాక్ష్యం నుంచి ఆయన రాబట్టిన తీర్పుతో నేను ఏకీభవించలేను. ఇద్దరు కలిసి చేసిన పని ఎవరిదో తేలాలంటే విడిపోయాక ఎవరు దేన్ని కొనసాగించారో చూడాలి. అన్నదమ్ములు ఉమ్మడిగా చేసిన సేద్యంలో ఎవరి నేర్పు ఎంతో వాటాలు పంచుకున్న మరుసటి పంటకు తెలుస్తుంది.

హమ్మిద్ ఆ తర్వాత తీసినవాటిలో చక్కని పరిశీలన ఉంది. తమ ఇంట్లో పిల్లి ఈనడాన్ని, కూనలు పెరగడాన్ని చూపే ఆయన చిత్రం నాకు ఎంతో ఇష్టం. 1964లో ఫ్రాన్సిస్ థాంప్సన్‌తో కలిసి తీసిన డాక్యుమెంటరీకి ఆస్కార్ కూడా వచ్చింది. కాని ఇసుక నుంచి తివాచీకి సాగిన ఆ నడకను ఆయన మళ్ళీ ముట్టుకోలేదు. డెరెన్ మాత్రం దానిని వదలలేదు. 1944లో తీసిన 'ఎట్ ల్యాండ్'లో కెమెరా ఎక్కువగా హెల్లా హేమన్ చేతిలో ఉంది. అందులో సముద్రం ఒక స్త్రీని ఒడ్డున పడేస్తుంది, అలలు వెనక్కి నడుస్తాయి. ఆమె ఎండిన మాను కొమ్మలు పట్టుకుని పైకి ఎక్కుతుంది, ఎక్కి తల ఎత్తేసరికి విందు జరుగుతున్న పొడవాటి బల్ల అంచు మీద ఉంటుంది. అటూ ఇటూ పెద్దమనుషులు సిగరెట్లు కాలుస్తూ మాట్లాడుకుంటుంటే ఆ బల్ల మీద పొట్టతో పాకుతుంది, పాకుతున్న ఆమె శరీరం మధ్యమధ్యలో పొదల్లో ఉంటుంది. ఎవరూ ఆమెను చూడరు.

1945లో తీసిన 'ఎ స్టడీ ఇన్ కొరియోగ్రఫీ ఫర్ కెమెరా' మూడు నిమిషాలు కూడా ఉండదు. టాలీ బీటీ అనే నర్తకుడు అడవిలో కాలు పైకెత్తుతాడు, ఆ కాలు ఒక ఇంటి గదిలో దిగుతుంది. గది నుంచి చేసిన కదలిక మ్యూజియం హాలులో పూర్తవుతుంది. చివరి గెంతు ఎన్నో ముక్కలను కలిపి కూర్చినది కావడం వల్ల మనిషి శరీరానికి సాధ్యమయ్యే దానికంటే ఎన్నోరెట్లు ఎక్కువసేపు అతడు గాలిలో ఉంటాడు. 'మెషెస్'లో కొన్ని క్షణాలపాటు మెరిసి మాయమైన ఊహ ఇక్కడ చిత్రమంతా అయింది. కదలిక తెగదు, చోటు మాత్రం మారిపోతూ ఉంటుంది.

ఇది నా ఊహాగానం కాదు. రోచెస్టర్‌లోని ఈస్ట్‌మన్ హౌస్‌లో సినిమా భాండాగారాన్ని చూస్తున్న జేమ్స్ కార్డ్‌కు 1955లో రాసిన ఉత్తరంలో డెరెన్ ఆ అడుగుల ప్రస్తావన తెచ్చింది. ప్రాణి తొలిసారి నీటిలోంచి బయటపడిన నాటి నుంచి అంత దూరం నడిచి వస్తేనే మనిషి తనను తాను చంపుకోగలడన్న భావంతో ఆ వరసను ఊహించానని చెప్పింది. ఆ చిన్న ముక్కను చూసినప్పుడల్లా గది గోడలన్నీ గట్టివే, ఆ ఒక్కచోట మాత్రం పగులు ఉందని, అందులోంచి వేరొక లోకపు వెలుగు కనబడుతోందని తనకు అనిపించేదట. ఎలాగైనా ఆ తలుపు తెరవాలన్న పట్టుదలే తర్వాతి చిత్రాలకు దారితీసిందని ఆ ఉత్తరం చదివినవారికి అర్థమవుతుంది.

రీలుబండి | శనివారం, ఉదయం 8:05

వాటాల ఉపమానం బాగుంది. కాని అడుగులు ఊహించడం వేరు, వాటిని ఒకదానికొకటి అతికేలా తీయడం వేరు. నాలుగు చోట్ల తీసిన అడుగుల్లో నడక వేగం, కాలి ఎత్తు, ఫ్రేములో పాదం పడే చోటు కలవకపోతే అవి నాలుగు ముక్కలుగానే మిగిలిపోతాయి. ఆ కెమెరాతో పని చేసినవారు ఎవరైనా ఇక్కడ ఉంటే చెప్పాలి.

పదహారుమిల్లీ | శనివారం, రాత్రి 11:20

ఇక్కడ అమెరికాలో ఒక పాత సామానుల సంతలో కొన్న బోలెక్స్ హెచ్16 అనే 16 మి.మీ. ఫిల్ము కెమెరా నా దగ్గర ఉంది. డెరెన్, తండ్రి పోయాక వచ్చిన డబ్బుతో కొన్నది కూడా వాడిన బోలెక్సే. కనుక ఆ యంత్రం మనిషిని ఎలా నడిపిస్తుందో నాకు తెలిసినంత చెబుతాను.

దీనికి బ్యాటరీ లేదు. గోడ గడియారానికి ఇచ్చినట్టు కీ ఇవ్వాలి. ఒకసారి నిండుగా కీ ఇస్తే సెకనుకు 24 ఫ్రేముల వేగంతో సుమారు 28 సెకన్లు నడుస్తుంది, తర్వాత స్ప్రింగు పట్టు సడలి ఆగిపోతుంది. అంటే ఎంతటి దర్శకుడైనా అరనిమిషానికి మించి ఒక షాటు తీయలేడు. వంద అడుగుల ఫిల్ము చుట్టలో నాలుగు వేల ఫ్రేములు ఉంటాయి, అవి రెండు నిమిషాల నలభై ఆరు సెకన్లలో అయిపోతాయి. వేగాన్ని 8 నుంచి 64 దాకా మార్చుకోవచ్చు. 64లో పెడితే ఒక కీకి పది సెకన్ల చిల్లర మాత్రమే దక్కుతుంది. వెన్నెలవాకిలి గారు చెప్పిన నర్తకుడి చిత్రంలో అతడు గిర్రున తిరిగే షాటు మెల్లగా, కలలో తిరిగినట్టు మొదలై, పోనుపోను బొంగరమైపోతుంది. అక్కడ మారింది కెమెరా వేగం. ఆ మీటను వేలితో తిప్పుతూ చూస్తే గాని అది ఎంత తేలికో, ఎంత కష్టమో తెలియదు.

ఇంకొక విశేషం, ఈ కెమెరాలో ఫిల్మును వెనక్కి చుట్టవచ్చు. 'మెషెస్'లో ముగ్గురు డెరెన్‌లు ఒకే బల్ల దగ్గర కూర్చుని తాళంచెవిని ఒకరి తర్వాత ఒకరు చేతిలోకి తీసుకునే దృశ్యానికి కీలకం అదే. లెన్సు ముందు ఒక పక్కను నల్ల అట్టతో మూసి ఒకసారి తీయాలి, ఫిల్మును అంతే మేర వెనక్కి తిప్పాలి, అట్టను రెండో పక్కకు మార్చి మనిషిని ఇంకొక కుర్చీలో కూర్చోబెట్టి మళ్ళీ తీయాలి. ల్యాబులో చేసే పని ఏమీ లేదు, అంతా కెమెరా పొట్టలోనే జరిగిపోతుంది.

ఈ పద్ధతి గురించి చదివి ఉత్సాహపడి నేనూ ప్రయత్నించాను. మా వంటింటి బల్ల దగ్గర నా భార్యను అటు ఒకసారి, ఇటు ఒకసారి కూర్చోబెట్టి, తనకు తానే కాఫీ అందించుకుంటున్నట్టు తీయాలన్నది సంకల్పం. అట్టకు బదులు నల్ల టేపు వేశాను. 240 ఫ్రేములు లెక్కపెట్టి వెనక్కి తిప్పాను. తిప్పేటప్పుడు లెన్సుకు మూత పెట్టడం మరిచిపోయాను. ఫిల్ము కడిగి తెచ్చాక చూస్తే నా భార్య ఇద్దరు కాదు గదా, ఒకరుగా కూడా సరిగా లేదు, తెల్లటి పొగలో ఒక మోచెయ్యి కనబడింది. రెండో చుట్టలో మూత పెట్టాను గాని అట్ట గీత ఎక్కడ పడుతుందో చూసుకోలేదు. నాది పాత మోడల్, పక్కన ఉండే వ్యూఫైండరులోంచి చూడాలి. షాటు నడుస్తుండగా లెన్సులోంచే చూడగలిగే మోడల్ 1956లో గాని రాలేదు. 1943లో హమ్మిద్‌కు కూడా అదే ఇబ్బంది. నా గీత కాఫీ కప్పు మధ్యలోంచి పోయి కప్పు సగమే మిగిలింది. మూడోసారి ఎపర్చర్, అంటే లెన్సులో వెలుతురు వచ్చే రంధ్రం, బాగా తగ్గించి గీత పదును చేసుకుని, దానిని తలుపు చట్రం నీడలో దాచాక అతుకు కలిసింది. మూడు వారాలు, మూడు చుట్టలు, పది సెకన్ల ఫలితం.

కనుక రీలుబండి గారితో నేను సగం ఏకీభవిస్తాను. ఆ బల్ల దృశ్యాన్ని అతుకు తెలియకుండా తీసినవాడు ఆరితేరినవాడు. కాని ఆ యంత్రం చేతిలో ఉన్నంత మాత్రాన ఎవరికీ ఆ ఊహ రాదు. నా దగ్గర అదే యంత్రం ఉంటే నాకు కాఫీ కప్పు తట్టింది.

కొత్తగావచ్చినవాడు | ఆదివారం, ఉదయం 10:15

పెద్దలు మన్నించాలి. నేను నిన్న రాత్రి ఈ చిత్రాన్ని మొదటిసారి చూశాను. ఇది ఒక స్త్రీకి వచ్చిన పీడకల అనుకుంటే సరిపోదా? తాళంచెవి, కత్తి, అద్దం ముఖం గల నల్లముసుగు మనిషి, వీటన్నిటికీ ఫ్రాయిడ్ పద్ధతిలో అర్థాలు చెప్పిన వ్యాసాలు చదివాను. ఇంకొకటి, ఆమె పేరు 'మాయ' అని ఉండడం యాదృచ్ఛికమా?

వెన్నెలవాకిలి | ఆదివారం, మధ్యాహ్నం 2:50

పేరు యాదృచ్ఛికం కాదు. ఆమె 1917లో కీవ్ నగరంలో ఎలియనోరా డెరెన్‌కొవ్‌స్కాయాగా పుట్టింది. 1922లో కుటుంబం అమెరికా చేరాక ఇంటిపేరు డెరెన్‌గా కురచబడింది. 'మెషెస్' తీసిన 1943లోనే ఆమె 'మాయ' అనే పేరు పెట్టుకుంది. అది మన మాటే. లేనిది ఉన్నట్టు తోచడం అనే అర్థం తెలిసే ఆ పేరును స్వీకరించింది. తెలుగువారికి ఆ పేరు వినగానే 'అంతా మాయ' అన్న నిట్టూర్పు గుర్తుకు రావచ్చు గాని, నాకైతే 'మాయలు చేయడం' అన్న రెండో అర్థమే ఆమెకు బాగా నప్పుతుందనిపిస్తుంది.

ఇక పీడకల సంగతి. తన చిత్రాలకు ఫ్రాయిడ్ అర్థాలు అంటగట్టడాన్ని, తనను సర్రియలిస్టుల, అంటే కలల తర్కాన్ని కళగా మలిచే వారి, జాబితాలో చేర్చడాన్ని ఆమె జీవితాంతం నిరాకరించింది. తండ్రి మానసిక వైద్యుడు కనుక ఆ పరిభాష తెలియక కాదు. పక్కనున్న మరొకరు సాక్షిగా చూడగల సంఘటనను ఈ చిత్రం నమోదు చేయదని, ఒక మనిషి లోపల ఒక చిన్న సంఘటన ఎలా పెరిగి పెద్దదవుతుందో చూపుతుందని ఆమె వివరణ. మనకు అర్థం కానిదానినంతా కల ఖాతాలో వేసేస్తే చూడవలసిన పని తప్పిపోతుంది. తాళంచెవికి గూఢార్థం వెతకడం కంటే అది మెట్ల మీద జారి పడుతున్నప్పుడు కాలం ఎలా సాగదీయబడిందో గమనించడం లాభం.

ఈ విషయం మీద 1953 అక్టోబరు 28న న్యూయార్కులో 'సినిమా 16' అనే ఫిల్మ్ సొసైటీ ఒక గోష్ఠి జరిపింది. వేదిక మీద డెరెన్‌తో పాటు నాటకకర్త ఆర్థర్ మిల్లర్, కవి డిలన్ థామస్, విమర్శకుడు పార్కర్ టైలర్ ఉన్నారు. కథ ఒకదాని వెంట ఒకటిగా అడ్డంగా సాగుతుందని, కవిత్వం ఒకే క్షణంలో నిలువుగా లోతుకు దిగుతుందని ఆమె అక్కడ ప్రతిపాదించింది. షేక్స్పియర్ నాటకాల్లో పాత్ర ఆగి స్వగతం చెప్పుకునే ఘట్టాలను ఉదాహరణగా చూపింది. డిలన్ థామస్ ఆ నిలువు, అడ్డం మాటలను వేళాకోళం చేసి సభను నవ్వించాడు, మిల్లర్‌కూ అది రుచించలేదు. ఆ గోష్ఠి పాఠం చదివినప్పుడు నవ్విన వారి మీద నాకు కొంచెం కోపం వచ్చింది. మన పద్యనాటకం చూసి పెరిగిన ఏ పల్లెటూరి ప్రేక్షకుడైనా ఆమె మాటను తేలికగా గ్రహించి ఉండేవాడు. రాయబారం సీనులో కృష్ణుడు పద్యం అందుకోగానే కథ ఆగిపోతుంది. అప్పటికే చెప్పేసిన సంగతిని రాగం తీస్తూ ఇంకా ఇంకా లోపలికి తీసుకుపోతాడు. జనం 'వన్స్‌మోర్' అంటారు, అదే పద్యం మళ్ళీ పాడతాడు. కురుక్షేత్రం ఒక్క అంగుళం కూడా ముందుకు జరగదు, అయినా ఎవరూ లేచిపోరు.

గోదారిగట్టు | ఆదివారం, సాయంత్రం 6:40

వన్స్‌మోర్ పోలిక నాకు నచ్చింది గాని ఒక అభ్యంతరం. పద్యనాటకం చూసేవాడికి కథ ముందే తెలుసు, కాబట్టి ఆగినా కంగారు పడడు. డెరెన్ చిత్రం చూసేవాడికి ఆ ధీమా లేదు. తెలియని ఊళ్ళో బస్సు ఆగిపోతే ఉండే ఆందోళన వేరు.

ఆ ఆందోళన నేను చిన్నప్పుడు మా సినిమా హాలులో చూశాను. అసలు సినిమాకు ముందు ప్రభుత్వ సంస్థ ఫిల్మ్స్ డివిజన్ వారి చిత్రం వేయడం హాళ్ళకు తప్పనిసరిగా ఉండేది. మేమందరం దానిని 'న్యూస్‌రీలు' అనే పిలిచేవాళ్ళం. ఆనకట్టలు, వరదలు, మంత్రుల శంకుస్థాపనలు, తెలుగు వ్యాఖ్యానంతో సాగిపోయేవి. బీడీలు ముట్టించుకోవడానికి, సోడాలు తాగడానికి అదే సమయం. కాని ఆ సంస్థలోనే 1960ల చివర కొందరు వ్యాఖ్యానం లేకుండా, కథ లేకుండా చిత్రాలు తీశారు. 1967లో చిత్రకారుడు ఎం.ఎఫ్. హుసేన్ రాజస్థాన్‌లో గొడుగు, లాంతరు, చెప్పు, ఆవు వంటివాటిని ఒకదాని పక్కన ఒకటి పెట్టి తీసిన చిత్రానికి బెర్లిన్‌లో లఘుచిత్రాల విభాగంలో గోల్డెన్ బేర్ వచ్చింది. ప్రమోద్ పతి 1968లో తీసిన 'ఎక్స్‌ప్లోరర్' ఏడు నిమిషాలపాటు కన్ను ఆర్పనివ్వదు. ఆ పతి చెకొస్లొవేకియాలో యానిమేషన్ నేర్చుకుని వచ్చినవాడు. హమ్మిద్ బయలుదేరిన దేశం కూడా అదే కావడం నాకు సరదాగా అనిపిస్తుంది, అంతకు మించి ఆ రెంటికీ ముడి పెట్టను. ప్రభుత్వం సొమ్ముతో ఇంత ప్రయోగం జరిగి, బలవంతంగా ఇంతమందికి చూపబడడం ఇంకెక్కడైనా జరిగిందా అన్నది నా సందేహం.

నిర్వాహకుడు | ఆదివారం, రాత్రి 8:00

ఫిల్మ్స్ డివిజన్ ప్రయోగాల మీద వేరుగా ఒక చర్చ తెరుస్తున్నాను, గోదారిగట్టు గారు అక్కడ కొనసాగించగలరు. ఇక్కడ 'మెషెస్' గురించి మాత్రమే రాయవలసిందిగా మనవి.

రీలుబండి | సోమవారం, రాత్రి 9:30

ఈ రెండు రోజుల్లో 'ఎట్ ల్యాండ్', నర్తకుడి చిత్రం, 1948 నాటి 'మెడిటేషన్ ఆన్ వయొలెన్స్' మళ్ళీ చూశాను. మూడవది మన చర్చలోకి రాలేదు. చావ్‌లీ చీ అనే యువకుడు చైనా యుద్ధవిద్యను ప్రదర్శిస్తాడు. సగం అయ్యాక అదే కదలిక వెనక నుంచి ముందుకు నడుస్తుంది, అంటే ఫిల్ము తిరగబడింది. వృత్తాలుగా సాగే ఆ విద్యలో కదలికల కూర్పు ఎంత సమతూకంగా ఉందంటే, చెప్పేదాకా తిరగబడిందని తెలియదు. నాకు ఇన్నేళ్ళుగా తెలియలేదు. ప్రొజెక్టరు మీద రీళ్ళు తలకిందులుగా ఎక్కించి తిట్లు తిన్న మనిషిని నేను, అయినా పట్టుకోలేకపోయాను.

కాబట్టి నా మొదటి మాటను ఇలా సవరించుకుంటున్నాను. ఒక మనిషి ముగ్గురవడం, ఇల్లు ఊగడం, వెలుగునీడల పదును, ఇవన్నీ హమ్మిద్ ప్రాగ్ నుంచి తెచ్చుకున్న సొత్తు. ఆ అడుగులు మాత్రం ఆయనవి కావు. వెన్నెలవాకిలి గారు చెప్పిన ఉత్తరం ఒక్కటే అయితే, పన్నెండేళ్ళ తర్వాత రాసుకున్న మాట అని కొట్టిపారేసేవాడిని. వరుసగా మూడు చిత్రాలు అదే మాట చెబుతుంటే కొట్టిపారేయలేను.

ఇంకొకటి కూడా ఆమె ఖాతాలోనే వేయాలి. తీసిన చిత్రాన్ని జనం దగ్గరకు చేర్చడం. 1946 ఫిబ్రవరి 18న న్యూయార్కు గ్రీనిచ్ విలేజ్‌లోని ప్రావిన్స్‌టౌన్ ప్లేహౌస్ అనే చిన్న నాటకశాలను తానే అద్దెకు తీసుకుని తన మూడు చిత్రాలు వేసింది. పట్టనంత జనం వచ్చారు. అది చూసిన ఏమస్ వోగెల్ మరుసటి సంవత్సరం 'సినిమా 16' మొదలుపెట్టాడు. అదే 1946లో ఆమెకు గుగ్గెన్‌హైమ్ ఫెలోషిప్ అనే ఆర్థిక సహాయం వచ్చింది. 1947లో కాన్ చిత్రోత్సవంలో 'మెషెస్'కు బహుమతి దక్కింది. మిగతా రోజుల్లో ఇంట్లోంచే రీళ్ళు అద్దెకు పంపుతూ, విశ్వవిద్యాలయాలకు పోయి ఉపన్యాసాలిస్తూ, డబ్బుల కోసం తంటాలు పడుతూ గడిపింది. 'అమెచ్యూర్' అన్న మాటకు లాటిన్ మూలంలో ప్రేమించేవాడని అర్థమని, దానికి సిగ్గుపడనక్కరలేదని ఆమె రాసినది ఈ రీళ్ళ పొట్లాలు కట్టిన చేత్తోనే. 1961 అక్టోబరులో మెదడులో రక్తస్రావమై పోయేనాటికి ఆమెకు 44 ఏళ్ళు.

చీకటిగది గారికి ఒక ప్రశ్న. మీరు చూసిన ప్రతిలో సంగీతం ఉందా?

చీకటిగది | మంగళవారం, రాత్రి 10:00

ఉంది. డప్పులు, వేణువు లాంటి వాద్యం వినిపించాయి. మేము అది చిత్రంతో పాటే పుట్టిందనుకున్నాము.

రీలుబండి | మంగళవారం, రాత్రి 10:20

కాదు. 1943లో అది మూకీ. ఆ సంగీతం 1959లో తైజీ ఇటో సమకూర్చినది, తర్వాత ఆయన ఆమె భర్త అయ్యాడు. సంగీతం బాగుంటుంది, అందులో అనుమానం లేదు, కాని అది ప్రతి అడుగుకూ ముందే 'ఇదిగో భయపడు' అని చెబుతుంది. ఒకసారి శబ్దం తీసేసి చూడండి.

పదహారుమిల్లీ | బుధవారం, తెల్లవారుజాము 4:15

నేనూ అదే చెప్పబోయాను. నిశ్శబ్దంగా చూస్తే షాట్ల పొడవు ఒంటికి తెలుస్తుంది. కీ అయిపోయేలోగా ముగించాలన్న తొందర ఎక్కడ ఉందో, ఎక్కడ లేదో గమనించండి.

చీకటిగది | ఆదివారం, రాత్రి 9:45

ఈ రోజు సాయంత్రం మళ్ళీ వేశాము. ఈసారి మొదట శబ్దం లేకుండా 'మెషెస్', తర్వాత విరామం ఇవ్వకుండా 'ఎట్ ల్యాండ్'. ఫ్యాను చప్పుడు, కింద రోడ్డు మీద ఆటోల హారన్లు తప్ప ఇంకేమీ వినబడలేదు. మొదటి ఐదు నిమిషాలు కుర్చీలు కదిలాయి, ఒకరు ఫోను తీసి చూసుకున్నారు. మెట్ల సన్నివేశం దగ్గర అందరూ నిలిచిపోయారు.

నడక వచ్చినప్పుడు నేను తెరను కాక మనుషులను చూశాను. పాదం ఇసుకలో పడగానే మా వాళ్ళలో ముగ్గురు కొద్దిగా ముందుకు వంగారు, తివాచీ మీద పడగానే వెనక్కి ఆనుకున్నారు. పోయినసారి ఇది హమ్మిద్ చిత్రమని వాదించిన మిత్రుడు 'ఎట్ ల్యాండ్'లో ఆమె మాను కొమ్మ పట్టుకుని పైకి ఎక్కి విందు బల్ల మీద తల ఎత్తేసరికి, "ఓహో, ఇక్కడికి వచ్చిందా" అని గట్టిగానే అన్నాడు. తర్వాత దీపాలు వేశాక కూడా ఆయన వాదన జోలికి పోలేదు. ప్రొజెక్టరు దగ్గరకు వచ్చి, ఆ నడక ముక్క మళ్ళీ ఒకసారి వేయమని అడిగాడు. మూడుసార్లు వేశాము. వాచ్‌మన్ తలుపు దగ్గర నిలబడి మూడోసారి తానూ చూశాడు, చూసి, "సముద్రం ఇంటి పక్కనేనా సార్ వాళ్ళకి?" అని అడిగాడు.

వచ్చే నెలకు నర్తకుడి చిత్రం, 'మెడిటేషన్ ఆన్ వయొలెన్స్' అనుకుంటున్నాము. తిరగబడిన సంగతి ముందుగా ఎవరికీ చెప్పను.